ఒకనాటి తీరయాత్ర

సోదరీమణులారా,

గడచిన మాసమున ఒక సోదరి నాకు జాబు వ్రాయుచు ఇట్లడిగినది: “ముసలివారిని, పిల్లలను వెంటబెట్టుకొని, ఒక్క దినములో అన్నియు చూపించెదమను యాత్రాబస్సులలో పోవుట మేలా? డబ్బు దండుగయగునా?” ఈ ప్రశ్నకు నేను పుస్తకములు తిరుగవేయవలసిన పని లేకపోయినది. మొన్నటి సంక్రాంతి సెలవులలో నేనే అట్టి బస్సులో విశాఖపట్టణమునుండి భీమునిపట్టణము వరకు సముద్రపుటొడ్డున ఒకదినము ప్రయాణము చేసి వచ్చితిని. నేను చేసిన పొరపాటులను, పొందిన లాభమును దాచక చెప్పెదను. పనికివచ్చినంత మీరు తీసికొనుడు.

మాది తుమ్మలపల్లె. పేరులోనే తుమ్మచెట్టున్నది గనుక ఊరి సంగతి వేరుగ చెప్పనక్కరలేదు. కడపజిల్లాలో పులివెందుల ప్రాంతము. వేరుసెనగ విత్తి ఆకాశమువంక చూచుట మావారి వ్యవసాయము. నీటిని మేము బిందెలతో లెక్కింతుము. బియ్యము కడిగిన నీరు గేదెకు, చేతులు కడిగిన నీరు కరివేపచెట్టునకు పోవును. అట్టి యింటికి కోడలనై వచ్చినది మొదలు ఏటేట మా అత్తగారికి సుందరకాండ చదివి వినిపించుచున్నాను. మా నాయనగారు నాకు ఇంటివద్దనే భారత భాగవతములు చెప్పి, సముద్రమునకు గల పర్యాయపదములన్నియు కంఠస్థము చేయించిరి. హనుమంతుడు నూరామడల సముద్రమును దాటు ఘట్టము వచ్చినప్పుడెల్ల అత్తగారు “నూరామడలంటే ఎంతమ్మీ?” అని అడిగెడివారు. నేను చేయి చాచి, ఆ కొండలకు ఆవల, ఆ ఆవలికిని ఆవల అని వర్ణించి చెప్పెడిదానను. నిజమునకు నేనును సముద్రమును చూచియెరుగను. చూడని దానిని చూడనివారికి విప్పి చెప్పుచు పదునాలుగేండ్లు గడపితిని.

మామగారు ఉన్న కాలమున అత్తగారికొక మాట యిచ్చిరట: “ఈ యేడు కాయ బాగా పండితే సముద్రస్నానానికి పిలుచుకొని పోతా” అని. పండిన యేట కూతుండ్ర పెండ్లిండ్లు వచ్చెను. పండని యేట ఆ మాటయే లేదు. మామగారు గతించి తొమ్మిదేండ్లయినది. అత్తగారికి డెబ్బది దాటి మోకాళ్లు పట్టివేసినవి. ఈ సంవత్సరము పాలడబ్బులు కూడబెట్టి, పోవుదమని నేనే మావారితో చెప్పితిని. “గేదెను ఒకరైనను చూచుకొనవలెను గదా! నేనుందును. మీరు ముగ్గురును పోయి రండు” అని వారనిరి. అత్తగారును, పదునొకండేండ్ల మా అమ్మాయియు, నేనును కడపలో రైలెక్కితిమి.

విశాఖపట్టణములో మా చెల్లెలి కాపురము. ఆమె నిండుచూలాలు, మరిదికి ఉక్కు కర్మాగారములో షిఫ్టుపని. మమ్ము త్రిప్పుట వారికి వీలుకాదు. మేమున్నది ఒక్క ఆదివారము. మరునాటి ఉదయమే తిరుగు రైలు. అందుచేత చెల్లెలు ఒక యాత్రాబస్సులో మాకు మూడు టికెట్లు తీసియుంచెను. టికెట్టుమీద “సముద్రతీర విహారము” అని యుండెను. తీరమునకు పోయినవారికి స్నానముండదా యను ధీమాతో నేనేమియు అడుగలేదు. ఇది నా మొదటి పొరపాటు.

బస్సులో ఇరువదియారుగురము. మాకు దారి చూపుటకు వచ్చినది ఒక చిన్నది, ఇరువదిరెండేండ్లుండును. తాను భీమిలి దగ్గరి మత్స్యకార పల్లెలో పుట్టితిననియు, తండ్రి పడవమీద వేటకు పోవుననియు చెప్పెను. మాట చురుకు, చేతిలో ఈల, మణికట్టున గడియారము. బస్సు కదలగానే ఏయే చోట ఎన్ని నిమిషములో చదివి, తుదకు ఇట్లనెను: “ఎవరూ నీళ్లలో దిగకూడదండి. ఈ ఒడ్డున అల పైకి మెత్తగా కనిపిస్తుంది, అడుగున నీరు కాళ్లను లోపలికి లాగేస్తుంది. స్నానం మన కార్యక్రమంలో లేదు.”

అత్తగారి ఒడిలో ఒక గుడ్డసంచి యున్నది. అందులో పొడిచీర, తువాలు, ఇత్తడిచెంబు. ఆ మాట వారికి వినబడినదో లేదో నేను చూడలేదు. చూచుటకు నాకు ధైర్యము చాలలేదు.

మొదట రామకృష్ణా బీచివద్ద కురుసుర అను జలాంతర్గామిని చూపిరి. సోవియట్టు దేశమున కట్టబడి, 1969 డిశంబరులో మన నౌకాదళమున చేరి, 31 సంవత్సరములు కొలువు చేసి, 2001లో విశ్రమించినది. 2002లో దానిని ఇసుకమీదికి చేర్చి ప్రదర్శనశాలగా జేసిరి. పొడవు 91 మీటర్లు. లోనికి పోవుటకు గుండ్రని ఇరుకు ద్వారములను వంగి దాటవలెను. అత్తగారి మోకాళ్లకు అది పని కాదు. అమ్మాయిని తోడి ప్రయాణికురాలితో పంపి, నేను సంచులకు కావలిగా బస్సువద్దనే నిలిచితిని. అమ్మాయి వచ్చి చెప్పినది: “అమ్మా! ఇందులో సుమారు డెబ్బదియైదుగురు ఉండేవారట. చుట్టూ సముద్రమే అయినా మంచినీళ్లు లెక్కగా ఇచ్చేవారట. స్నానాలు కూడా మనింట్లో మాదిరేనట!” అత్తగారు నవ్విరి.

తరువాత కైలాసగిరి. అచ్చట శివపార్వతుల తెల్లని విగ్రహములు 40 అడుగుల యెత్తున కూర్చుండియున్నవి. కొండమీదనుండి ఒకవంక డాల్ఫిన్స్‌నోస్ అను కొండముక్కు సముద్రములోనికి చొచ్చియుండుటయు, రెండవవంక తీరము భీమిలివైపు వంపు తిరుగుటయు కనబడును. అయితే నేను చూచినదేమి? అమ్మాయి టోపీ ఎగిరిపోవునేమో యని చూచితిని. అత్తగారికి నీడగల బల్ల యున్నదా యని చూచితిని. ఫోనులో పండ్రెండు ఫోటోలు తీసితిని. సముద్రమును మాత్రము చూడలేదు. ఈ జబ్బు మనలో పలువురకు కలదు, సోదరులారా! ఇల్లు వదలి వచ్చినను ఇంటిపని మనలను వదలదు. అత్తగారు మాత్రము బల్లమీద కదలక కూర్చుండి, పదినిమిషములు ఆ నీలిమవంకనే చూచి, “ఇన్ని నీళ్లు! ఒక్క చెంబు తాగేదానికి లేదు గదమ్మీ” అనిరి. పదునాలుగేండ్లు నేను చెప్పిన వర్ణనలో ఈ ఒక్కమాట లేదు.

మధ్యాహ్నమునకు ఋషికొండ చేరితిమి. పరిశుభ్రతకును, రక్షణకును తీరములకిచ్చు నీలిజెండా గుర్తింపును 2020లో పొందిన తీరమిది. చక్కని పసుపుపచ్చని ఇసుక, ప్రక్కనే పచ్చని కొండ. మాకిచ్చినది ఇరువది నిమిషములు. అత్తగారు నా భుజము పట్టుకొని సంచితో సహా బస్సు దిగిరి. ఎండ ఇసుకలో మోకాళ్లు కూరుకొనుచుండెను. పది అడుగులకొకసారి నిలిచిరి. తడి ఇసుకకు ఇంకను ముప్పది అడుగులున్నదనగా ఈల వినబడినది. “మామ్మగారూ, టైమైపోయిందండి” అని ఆ చిన్నది వెనుకనుండి పిలిచెను. అత్తగారు ఆ నీటి గీతవంక ఒకసారి చూచి, మారుమాట లేక వెనుదిరిగిరి. బస్సులో కూర్చుండి, సంచిలోని పొడిచీరను బయటికి తీసి, నలిగిన మడతలు విప్పి, మరల మడిచి లోన పెట్టిరి.

ఆ మడత చూచినప్పుడు నా కడుపులో నేమో కదలినది. అయినను నోరు పెగలలేదు. ఇంత మందిలో, మగవారి యెదుట, మా ముసలమ్మకొరకు మీరందరును ఆగుడని చెప్పుటకు నాకు సిగ్గు. ఇది నా రెండవ పొరపాటు; మొదటిదానికంటె పెద్దది.

భోజనమయిన పిమ్మట బస్సు తొట్లకొండ యెక్కినది. ఈ స్థలమును గూర్చి కొంచెము విపులముగ చెప్పెదను; మీలో నెవరైన ఆ దారిని పోయినచో మిగిలినవి తగ్గించుకొనియైనను ఇచ్చట నిలువుడు. సముద్రమునకు 128 మీటర్ల యెత్తున నున్న బోడికొండ యిది. 1976లో నౌకాదళమువారు విమానమునుండి పరిశీలించుచుండగా దీని ఆనవాళ్లు కనబడినవి. 1988 మొదలు పురావస్తుశాఖవారు త్రవ్వి, రెండువేల యేండ్లనాటి బౌద్ధ సంఘారామమును వెలికి దీసిరి. గుండ్రని మహాస్తూపము, భిక్షువుల గదులు, సమావేశ మంటపము, పాకశాల, భోజనశాల – వీని పునాదులు ఇటుకలతోడను రాళ్లతోడను వరుసగా కనబడును. శాతవాహనుల సీసపు నాణెములు, రోమకుల వెండి నాణెములు ఇచ్చట దొరకినవి. అనగా ఈ కొండక్రింద ఓడలు వచ్చి ఆగెడివి. వర్తకులు పైకెక్కి దానములు చేసెడివారు.

ఇక ఆ పేరు. కొండరాతిని తొలిచి, వాననీరు నిలుచుటకు తొట్లు చేసిరి, అందుచేత తొట్లకొండ. దగ్గరనే మరియొక బౌద్ధక్షేత్రము గలదు. అచ్చటి నీటిబావులనుబట్టి దానికి బావికొండ యని పేరు. బుద్ధభిక్షువులు నివసించిన కొండలకు మన జనులు బుద్ధుని పేరు పెట్టలేదు, నీటి పేరు పెట్టిరి! తరతరములు భిక్షువులను మరచినను నీటిని మరువలేదు.

అత్తగారు ఒక తొట్టి యంచున చతికిలబడి, రాతిని చేతితో తడవి చూచిరి.

“ఏం పాపా, కింద అంత సముద్రం పెట్టుకొని ఈళ్లు రాళ్లు తొలిచి వాననీళ్లు పట్టుకున్యారా?” అని ఆ చిన్నదాని నడిగిరి.

“అవునండి మామ్మగారూ. కింద ఉప్పునీరే కదా. కురిసిన చినుకే ఏడాదంతా తాగాలి. ఇప్పుడు కూడా అంతేనండి. ఇంత సముద్రం పక్కనుంది కానీ, విశాఖకు తాగునీరు గోస్తనీ మీద తాటిపూడి జలాశయం నుంచి రావాలి. మా పల్లెలోనైతే కొళాయి వచ్చేవేళకు నిద్ర లేచి కూర్చుంటాం.”

“మీరూ మా మాదిరేనా!” అని అత్తగారు ఆశ్చర్యపడిరి. పిదప ఆ యిద్దరును తమ ఊళ్ల నీటి సంగతులు చెప్పుకొనసాగిరి. మా వైపు బోర్లు ఎన్నివందల అడుగులకు దిగినవో అత్తగారు చెప్పిరి. వారి వైపు సముద్రము ఒడ్డును కోయుచు ఇండ్లవద్దకు ఎట్లు వచ్చుచున్నదో ఆ చిన్నది చెప్పెను. ఒకరిది నీరు చాలని బాధ, ఒకరిది నీరు మీద బడు బాధ. త్రాగునీటివద్దకు వచ్చునప్పటికి ఇద్దరును ఒక్క బిందెవారే. అప్పుడు ఆ చిన్నది సంచిని చూచి “ఇది బస్సులోనే ఉంచొచ్చు కదండి, ఎందుకు మోస్తున్నారు?” అనెను. అత్తగారు మాటాడలేదు. నేను చెప్పితిని. మామగారి మాట, తొమ్మిదేండ్లు, పొడిచీర – అంతయు చెప్పితిని.

ఆమె గడియారమువంక చూచుకొని, “నాకు ముందే చెప్పలేదేమండి అక్కగారూ?” అనెను. దీనికి నాయొద్ద సమాధానము లేదు. అడిగినచో కాదందురని భయపడి, అడుగకయే కాదనిపించుకొనుట మన ఆడువారికి అలవాటయిపోయినది.

“ఋషికొండ దగ్గర నేనెలాగూ దింపనండి. భీమిలిలో మావాళ్లు వలలు లాగే చోటు నాకు తెలుసు. అక్కడ మోకాలిలోతు దాటకుండా ఒడ్డునే కూర్చోపెట్టి పోయించవచ్చు. మా పిన్ని కూడా ఉంటుంది. కానీ అరగంట కావాలి. మిగిలినవాళ్లు ఒప్పుకోవాలి, వాళ్లను మీరే అడగండి” అనెను.

బస్సులో నేను లేచి నిలుచుంటిని. కాళ్లు వణకినవి. తిరుగుదారిలో గవ్వల బొమ్మల దుకాణమువద్ద నలుబది నిమిషములు ఆగుట కార్యక్రమములో నున్నది. దానిలో అరగంట మా అత్తగారి స్నానమునకు ఇచ్చెదరా యని అడిగితిని. ఒక పెద్దమనిషి “మేము డబ్బు కట్టింది ఊళ్లు చూడ్డానికి, ఎవరి మొక్కులు వారు విడిగా తీర్చుకోవాలి” అనిరి. ఆ మాటలో న్యాయము లేకపోలేదు. నేను కూర్చుండబోవుచుండగా వెనుకనుండి ఒక తెలంగాణపు ఇల్లాలు “గవ్వల బొమ్మలు మా దగ్గర సంతల గూడ దొరుకుతయి. ముసలమ్మ మళ్ల ఎప్పుడొస్తది? ఇయ్యుండ్రి” అనెను. మరి నలుగురు చేతులెత్తిరి. తుదకు ఆ పెద్దమనిషియు “సరే, చీకటి పడకుండా చూడండి” అని ఊరకుండిరి. అరగంట దొరకినది. పదునాలుగేండ్లు సముద్రమును వర్ణించిన నాకు, దానికొరకు నాలుగు మాటలు అడుగుటయే మిక్కిలి కష్టమైనది.

భీమిలికి ఇవతల ఎఱ్ఱమట్టిదిబ్బలను చూచితిమి. తీరము వెంబడి కొన్ని కిలోమీటర్ల మేర ఎఱ్ఱని ఇసుక గుట్టలు, నడుమ వానలు కోసిన లోతైన వంకలు. దీని కథ విని నేను ముక్కుమీద వ్రేలు వేసికొంటిని. సుమారు ఇరువదివేల యేండ్ల క్రిందట భూమిమీద మంచు పెరిగి, సముద్రము ఎంతో దూరము వెనుకకు పోయినదట. బయలుపడిన ఇసుకను గాలి తెచ్చి ఇచ్చట పోసినది. అందులోని ఇనుము త్రుప్పుపట్టి రేణువు రేణువునకు ఎఱ్ఱని పూత వేసినది. దక్షిణాసియాలో ఇట్టి దిబ్బలు తమిళనాటను, సింహళమునను మాత్రమే మరి కలవు. భూగర్భశాస్త్రజ్ఞులు దీనిని జాతీయ భూవారసత్వ స్థలముగా గుర్తించిరి. 2025లో యునెస్కోవారి తాత్కాలిక జాబితాలోను చేరినది. ఇది గట్టి రాయి కాదు. అడుగు వేసిన చోట రాలును. కనుక దారి తప్పి గట్టులెక్కుట, పిడికెడు మట్టి మూటగట్టుకొనుట తగదని పిల్లలకు ముందే చెప్పుడు. అత్తగారు దిగకయే కిటికీనుండి చూచి, “మన చెనక్కాయల చేను మాదిరుందే” అనిరి.

భీమునిపట్టణము పాత ఊరు. 17వ శతాబ్దమున డచ్చివారు ఇచ్చట వర్తకస్థానము నెలకొల్పిరి. 1825లో అది ఆంగ్లేయుల వశమైనది. డచ్చివారి గోరీలు సముద్రపుగాలికి అరిగి నేటికిని నిలిచియున్నవి. ఇచ్చటి పురపాలక సంఘము 1861లో ఏర్పడినది. దేశములోని మిక్కిలి పాతవానిలో నొకటి. అనంతగిరి కొండలలో పుట్టి, బొఱ్ఱాగుహల గుండ ప్రవహించి వచ్చు గోస్తనీనది ఇచ్చటనే సముద్రమున గలియును. ఇవి యన్నియు ఆ చిన్నది నడచుచునే చెప్పినది. నేను సగము వింటిని, సగము వినలేదు.

వలలు ఆరవేసిన చోట ఆమె పినతల్లి యెదురువచ్చెను. చేపల గంపను దించి, చేతులు కడుగుకొని, అత్తగారి రెక్క పట్టుకొనెను. ఒకవంక ఆమె, ఒకవంక నేను. అల వచ్చి పాదములను తాకగానే అత్తగారు చిన్నపిల్లవలె కెవ్వున కేకవేసిరి. తడి ఇసుకమీద కూర్చుండబెట్టితిమి. అల వచ్చి నడుమువరకు తడిపి పోవుచుండెను. చెంబుతో ముంచి శిరస్సున పోసితిని. మూడవ చెంబు పోయుచుండగా వారు నా చేయి పట్టుకొని ఇట్లడిగిరి:

“అమ్మీ, మన పాపఘ్ని యాడ కలుస్తుంది?”

“పెన్నలో కలుస్తుంది అత్తమ్మా, కమలాపురం దగ్గర.”

“పెన్న యాడికి పోతుంది?”

“సోమశిల దాటి, నెల్లూరు దాటి, ఊటుకూరు దగ్గర సముద్రంలో కలుస్తుంది.”

“ఈ సముద్రమేనా?”

“ఈ సముద్రమే, అత్తమ్మా. ఇదే బంగాళాఖాతము.”

నాకప్పుడు తెలిసినది. మామగారి అస్థులను గండిక్షేత్రమువద్ద పాపఘ్నిలో కలిపితిమి. ఆ యేడు వానలు లేవు. ఏటిలో నున్నది మోకాలి లోతు మడుగు, దాని క్రింద ఇసుక. ఆ మడుగు కదలినదో, ఎండినదో, ఎంతదూరము పోయినదో యని ఆమె ఈ తొమ్మిదేండ్లును లోలోన కుములుచుండిరి. స్నానపుణ్యముకొరకు కాదు సముద్రము కోరినది. మాలో ఒక్కరికిని ఆ మాట చెప్పలేదు, మేము అడుగలేదు.

నేను చెప్పితిని: “ఆ మరుసటేడు పెద్దవాన వచ్చి ఏరు పొంగలేదా అత్తమ్మా? అప్పుడు పోయియుండును.”

అత్తగారు దోసిట నీరు పట్టి, కొంతసేపు చూచి, మరల సముద్రములోనే విడిచి, “వచ్చింటాడులే అమ్మీ” అనిరి. అంతియే. ఆ చేపలమ్మ తన కొంగుతో ఆమె మొగము తుడిచెను. ఈల ఊదవలసిన చిన్నది ఈలను చేతిలోనే పట్టుకొని నిలుచుండెను. మా అరగంటకు పైన మరి అయిదు నిమిషములైనవి. బస్సులో నెవరును ఏమనలేదు. ఆ పెద్దమనిషి లేచి అత్తగారికి ముందు సీటు ఇచ్చిరి.

ఆ సాయంకాలము తిరిగివచ్చునప్పుడు నేను సముద్రమును చూచితిని. ఫోను సంచిలో పెట్టి, అమ్మాయిని అత్తగారికి అప్పగించి, కిటికీవద్ద కూర్చుండి ఋషికొండ దాటువరకు చూచితిని. నాయనగారు నేర్పిన పర్యాయపదములలో నొక్కటియు జ్ఞప్తికి రాలేదు. దానివలన లోటును కనబడలేదు.

ఇంటికి వచ్చి ఈ సంగతులు చెప్పగా మావారు నన్ను పెరటిలోనికి పిలిచి, గోడకు పెట్టిన రాయి చూపిరి. మా పొలములలోనిదే, పైన ఏనుగుతోలువలె ముడుతలు, విరిగిన చోట ఉల్లిపొరలవలె వలయములు. “మన వేంపల్లె పేరుతోనే శాస్త్రజ్ఞులు ఈ రాతిపొరను పిలుతురు. 180 కోట్ల యేండ్లకంటెను పూర్వము ఇచ్చట లోతులేని సముద్రముండెను. కంటికి కనబడని జీవులు దాని యడుగున పొరలు పొరలుగా పెరుగగా ఏర్పడినవే ఈ వలయములు. నీవు సముద్రము చూచుటకు అంత దూరము పోయితివి, మనము కాపురముండునది దాని యొడిలోనే” అని నవ్విరి. అత్తగారు విని, “అట్లయితే ఆ నీళ్లన్నీ యాడికి పాయెరా?” అని కొడుకు నడిగిరి. దానికి మావారు చెప్పిన సమాధానము పొడవైనది, ఇచ్చట వ్రాయను. ఆ వారమే అత్తగారు గొడ్లపాకవద్ద పగిలిపడియున్న రాతితొట్టికి సున్నము పట్టించి, మిద్దెనీరు అందులో పడునట్లు గొట్టము పెట్టించిరి. “ఆ సన్న్యాసులు కొండమీద చేసినారు, మనం కిందుండి చేసుకోలేమా?” అని వారి మాట.

ఇక జాబు వ్రాసిన సోదరికి నా సమాధానము. యాత్రాబస్సు మంచిదే, దారి తెలియని ఆడువారికి అది రక్ష, ఖర్చును తక్కువ. కాని టికెట్టు కొనక ముందే నాలుగు సంగతులు అడుగుము: ఏ చోట ఎన్ని నిమిషములు? ఎక్కడ ఎంత నడువవలెను, ఎన్ని మెట్లు? మరుగుదొడ్లు ఎచ్చట? స్నానమునకు అనుమతి యున్నదా? అన్నియు చూడవలెనను ఆశ విడువుము. ముసలివారున్నచో రెండు చోట్ల దిగి, మిగిలినవి కిటికీనుండి చూచినను చాలును. సంచులు తక్కువ చేసికొనుము, వంతులవారీగ మోయుము, ప్రతి మనిషికిని కొంతసేపు చేతులు ఖాళీగ నుండవలెను, నీకును. త్రాగునీరు ఇంటినుండి పట్టుకొని పొమ్ము. ఖాళీ ప్లాస్టికు సీసాలను ఇసుకలో విడువకుము. స్థలమెరిగినవారు వలదన్న చోట నీటిలో దిగకుము. దిగనిచ్చిన చోటను మోకాలు దాటకుము, పిల్లల చేయి విడువకుము. దారి చూపు మనిషితో మొదటనే మాట కలుపుము. ఆమెకును ఒక ఊరు, ఒక తల్లి యుండును.

అన్నిటికంటె ముందు, బయలుదేరక పూర్వమే వెంట వచ్చు పెద్దవారిని ఒకచోట కూర్చుండబెట్టి, “నీవు చూడగోరునది ఏది? ఎందుకు?” అని అడుగుము. నేను ఆ రెండవ ప్రశ్న అడుగుటకు తొమ్మిదేండ్లు పట్టినది. అప్పటికిని అడిగినది నేను కాదు, సముద్రము.

ఇట్లు,
మీ సోదరి,
తుమ్మలపల్లె.